తెలుగూ ఒడియా రెండూ చదివేలా కంప్యూటర్‌ని సెట్ చేసుకోండి

మన ఒడిశాలోని పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ వైపు కంప్యూటర్ తెరిస్తే తెలుగు వార్తలు, ఒడియా నోటీసులు, ఇంగ్లీషు ఫారాలు అన్నీ కలగలిసే ఉంటాయి. చూపు తగ్గినవాళ్లకి ఇవన్నీ చదివిపెట్టే మనిషి ఎప్పుడూ పక్కన ఉండడు కదా. డబ్బు పెట్టి ఏదీ కొనకండి. విండోస్‌కి ఎన్‌వీడీఏ అనే ఉచిత స్క్రీన్ రీడర్, అంటే తెర మీద ఉన్నది పైకి చదివి వినిపించే ప్రోగ్రామ్, ఉంది, 2006లో దాన్ని మొదలుపెట్టిన ఆస్ట్రేలియా ఆయన మైఖేల్ కరన్‌కే చూపు లేదు, కాబట్టి మౌస్ ముట్టకుండా పనంతా కీబోర్డుతోనే అయిపోతుంది.

దాన్ని తయారుచేసే ఎన్‌వీ యాక్సెస్ వాళ్ల సైట్ నుంచే దించుకోండి. మొదటిసారి తెరిచినప్పుడు క్యాప్స్‌లాక్‌ని ఎన్‌వీడీఏ కీగా, అంటే దానికి ఆదేశాలిచ్చేటప్పుడు పట్టుకునే కీగా, వాడాలా అని అడుగుతుంది, టిక్ పెట్టేయండి. తర్వాత క్యాప్స్‌లాక్, కంట్రోల్, ఎస్ కలిపి నొక్కి ఈస్పీక్ ఎన్‌జీ అనే గొంతుల ప్రోగ్రామ్‌ని ఎంచుకోండి, ఈ పని చెయ్యకే చాలామంది తెలుగు గొంతు లేదనుకుంటారు. ఇప్పుడు క్యాప్స్‌లాక్, కంట్రోల్, వి నొక్కితే వచ్చే వాయిస్ లిస్టులో తెలుగూ ఉంటుంది, ఒడియా కూడా. మాటిమాటికీ లిస్టులోకి వెళ్లడం విసుగు కాబట్టి ఎన్‌వీడీఏ మెనూలో కాన్ఫిగరేషన్ ప్రొఫైల్స్ (దాచుకునే సెట్టింగులు) భాషకొకటి చేసుకుని, ఇన్‌పుట్ జెశ్చర్స్ (కీలు కేటాయించే చోటు)లో ఒక్కోదానికి ఒక కీ ఇచ్చుకోండి.

గొంతు మరమనిషిలా ఉంటుంది, నిజమే, కానీ నెట్ లేకపోయినా పలుకుతుంది. కాస్త తియ్యగా వినాలంటే ఎడ్జ్ బ్రౌజర్‌లో కంట్రోల్, షిఫ్ట్, యు నొక్కితే పేజీని పైకి చదువుతుంది, అందులో తెలుగుకి శ్రుతి గొంతో మోహన్ గొంతో పెట్టుకోండి, దీనికి నెట్ కావాలి.

అసలు తలనొప్పి ఫాంట్లతో. డీటీపీ షాపులో అను ఫాంట్‌తో కొట్టిన ఫైలు కంటికి తెలుగులాగే ఉంటుంది, లోపల ఉండేవి మాత్రం ఇంగ్లీషు అక్షరాలూ పిచ్చి గుర్తులూ, స్క్రీన్ రీడర్ చదివేది వాటినే. ఒడియాలో ఆకృతి ఫాంట్లదీ ఇదే గోల. అనుమానం వస్తే రెండు లైన్లు కాపీ చేసి నోట్‌ప్యాడ్‌లో వేయండి, గజిబిజిగా పడిందంటే అది యూనికోడ్ (ఏ కంప్యూటర్లోనైనా ఒకేలా చదవగలిగే అక్షరాల పద్ధతి) కాదు, పంపినవాళ్లనే మార్చి పంపమనండి, మొహమాటం వద్దు. స్కాన్ చేసిన పీడీఎఫ్ అయితే అది ఉత్త ఫొటో, గూగుల్ డ్రైవ్‌లో ఎక్కించి గూగుల్ డాక్స్‌తో తెరిస్తే అక్షరాలుగా మారుతుంది, ఒత్తులు అక్కడక్కడా తప్పుతాయి.

ఇంట్లో పెద్దవాళ్లకి పెట్టిస్తుంటే వేగం బాగా తగ్గించి, మిగతా కీలన్నిటికంటే ముందు కంట్రోల్ నేర్పండి, అదొక్కటి నొక్కితే చాలు, మాట ఆపేస్తుంది.