కాలయాత్రికుల కళ్లద్దాలు – 3వ పాఠం: ఎర్ర మూత

గత పాఠంలో 50 మిల్లీమీటర్ల పీవీసీ పైపు నుంచి 30 మిల్లీమీటర్ల పొడవున్న రెండు ముక్కలు కోశాం. ముఖానికి ఆనే అంచును వంపు తిరిగేలా అరగదీసి స్పాంజి అతికించాం. ఇవాళ ముందువైపు పని. ఎప్పుడూ ఉండే తెల్ల అద్దం ఒకటి, కావాల్సినప్పుడు పైకెత్తే ఎర్ర మూత ఇంకొకటి.

మూత ఎర్రగానే ఎందుకు ఉండాలో ముందు తెలుసుకోండి. నాటకంలో మన యాత్రికుడు మిట్టమధ్యాహ్నం బయల్దేరి కరెంటు లేని కాలంలో, అమావాస్య రాత్రి దిగుతాడు. దిగిన క్షణాన అతనికి ఏమీ కనిపించదు. కంటిలో మంచి వెలుతురులో రంగులు చూసే శంకు కణాలు పది నిమిషాల్లో చీకటికి అలవాటు పడతాయి గానీ, మసక వెలుతురులో చూపునిచ్చే దండ కణాలు సిద్ధం కావడానికి 20 నుంచి 30 నిమిషాలు, ఒక్కోసారి ఇంకా ఎక్కువే పడుతుంది. తరంగదైర్ఘ్యం సుమారు 640 నానోమీటర్లు దాటిన ఎరుపు ఈ దండ కణాలను దాదాపు కదిలించదు. అంటే ఎర్ర అద్దం వెనక కన్ను శంకు కణాలతో చూస్తూనే ఉంటుంది, దండ కణాలు మాత్రం చీకట్లో ఉన్నట్టే, మసక వెలుతురును పట్టుకునే రొడాప్సిన్ అనే పదార్థాన్ని కూడబెట్టుకుంటాయి. ఇది కల్పన కాదు. 1916లో జర్మన్ శాస్త్రవేత్త విల్హెల్మ్ ట్రెండెలెన్‌బర్గ్ మసకగా వెలిగే ఎక్స్‌రే తెర చూసే డాక్టర్ల కోసం ఎర్ర కళ్లద్దాలు తెచ్చాడు. రెండో ప్రపంచ యుద్ధంలో రాత్రిపూట విమానం ఎక్కే పైలట్లు కూడా బయల్దేరే ముందు అలాంటివే పెట్టుకునేవారు. కళ్లజోడు నిండా పళ్లచక్రాలు అంటించడం కంటే ఈ ఒక్క కారణమే ప్రేక్షకుణ్ని ఎక్కువ నమ్మిస్తుంది. పైగా స్టేజీ మీద లైట్లు ఆరిపోయినప్పుడు నటుడికి మెట్లు నిజంగానే కనిపిస్తాయి.

తెల్ల అద్దానికి 1 మిల్లీమీటరు పాలికార్బొనేట్ షీటు వాడండి. ఆక్రిలిక్ చవకే, కానీ దెబ్బ తగిలితే పదునైన పెంకులుగా విరుగుతుంది. కంటి ముందు అది పనికిరాదు. పైన అంటించి వచ్చే కాగితం తీయకుండానే 50 మిల్లీమీటర్ల వృత్తం గీసి, రేకు కత్తెరతో కోసి, అంచును 220 నంబరు ఉప్పుకాగితంతో నున్నగా రుద్దండి. అద్దం బిగించే ముందు మాత్రమే ఆ కాగితం తీయాలి.

అద్దాన్ని పట్టి ఉంచడానికి అదే సైజు పైపు కప్లింగ్, అంటే రెండు పైపులను కలిపే పొట్టి గొట్టం, ఒకటి చాలు. దాని లోపల సరిగ్గా మధ్యలో చిన్న గట్టు ఉంటుంది, పైపు అంతకు మించి లోపలికి పోకుండా. ఆ గట్టు మధ్యగా రంపంతో కోస్తే రెండు ఉంగరాలు వస్తాయి, ఒక్కోదానికి ముందు అంచున సన్నటి పెదవి మిగులుతుంది. అద్దం ఆ పెదవికి ఆనుతుంది, వెనక నుంచి పైపు ముక్క నొక్కి పెడుతుంది. కప్లింగ్ లోపల కొంచెం ఏటవాలుగా ఉండటం వల్ల పైపు సగంలోనే బిగుసుకుపోతుంది. సుత్తితో కొట్టకండి, అద్దం వంగిపోతుంది. పైపు చివరను 80 నంబరు ఉప్పుకాగితంతో కొద్దికొద్దిగా రుద్దుతూ సరిచూసుకోండి. ఎక్కువ రుద్ది వదులైతే ప్లంబర్లు వాడే తెల్ల టేపు ఒక చుట్టు చుట్టండి.

ఈ జాయింటుకు పైపుల సొల్యూషన్ పూయకూడదు. అందులోని ద్రావకం పాలికార్బొనేట్‌ను తిని సన్నటి పగుళ్లు తెప్పిస్తుంది. సూపర్ గ్లూ కూడా వద్దు. దాని ఆవిరి గాలిలోని తేమతో కలిసి అద్దం మీద తెల్లటి పొరలా పేరుకుంటుంది, అది మామూలుగా తుడిస్తే పోదు.

ఇక మూత. స్టేజీ లైట్లకు వాడే ముదురు ఎరుపు జెల్ ఫిల్టర్‌ను (పలుచటి రంగు ప్లాస్టిక్ షీటు) 57 మిల్లీమీటర్ల రెండు పాలికార్బొనేట్ బిళ్లల మధ్య పెట్టి, అంచు చుట్టూ నల్ల ఇన్సులేషన్ టేపు వేయండి. బహుమతుల మీద చుట్టే ఎర్ర జిలాటిన్ కాగితం కంటికి అంతే ఎర్రగా కనిపిస్తుంది గానీ, చాలాసార్లు పసుపు, ఆకుపచ్చలను కూడా వదిలేస్తుంది. పరీక్ష చిన్నదే. పాత సీడీని ఎల్ఈడీ బల్బు కింద వంచితే రంగుల పట్టీ కనిపిస్తుంది. దాన్ని ఫిల్టర్ గుండా చూడండి. ఎరుపు ఒక్కటే మిగిలి, పసుపు నుంచి నీలం దాకా నల్లబడితే ఫిల్టర్ పనికొస్తుంది. ఆకుపచ్చ ఛాయ మిగిలితే రెండో పొర వేసి మళ్లీ చూడండి.

మూతను ఉంగరానికి 15 మిల్లీమీటర్ల ఇత్తడి బందుతో కలపాలి. ఉంగరం పైభాగాన బందు కూర్చునేంత మేర ఆకురాయితో చదును చేసి, రెండు ముఖాలనూ గరుకుగా గీరి, రెండు ట్యూబుల ఎపాక్సీతో అతికించండి. బందు పిన్నుకు ముందే వ్యాజలీన్ రాయండి, లేదంటే ఎపాక్సీ అందులోకి పాకి బందు కదలదు. 24 గంటలు ముట్టుకోవద్దు. ఎత్తిన మూత దానంతటదే పడిపోతుంటే బందు గొట్టాన్ని పట్టకారుతో కొంచెం నొక్కితే బిగువు వస్తుంది. కింద అంచున మూతకొకటి, ఉంగరానికొకటి 5 మిల్లీమీటర్ల అయస్కాంతాలు పెట్టండి. అవి ఒకదాన్నొకటి లాగే ముఖాలకు పెన్నుతో గుర్తు పెట్టుకున్నాకే జిగురు పూయండి.

చాలామంది దెబ్బతినేది గాలి బెజ్జాల దగ్గర. అవి లేకపోతే చెమటకు అద్దం మసకబారుతుంది. ఉంటే వాటిలోంచి తెల్లటి వెలుతురు లోపలికి వచ్చి, ఎర్ర మూత చేసిన పనంతా పాడుచేస్తుంది. గొట్టానికి పైన మూడు, కింద మూడు బెజ్జాలు 3 మిల్లీమీటర్ల డ్రిల్లుతో ఏటవాలుగా వేసి, లోపలివైపు గాలి ఆడే నల్ల స్పాంజి అంటించండి. గొట్టం లోపల మెరుపు లేని నల్ల రంగు వేయండి. రంగు, డ్రిల్లు పనులన్నీ అద్దం బిగించకముందే ముగించాలి.

ఎర్ర మూత వెనక ఎర్ర సిరా కనిపించదు, కాబట్టి యాత్రికుడి పటాలు, చీటీలు నల్ల సిరాతోనే రాయండి. మూత దించుకుని బండి నడపకండి, ఆకుపచ్చ సిగ్నల్ నల్లగా కనిపిస్తుంది. ఈ కళ్లజోడుతో సూర్యుణ్ని, గ్రహణాన్ని, వెల్డింగ్‌ను చూడకూడదు. జెల్ ఫిల్టర్ పరారుణ కిరణాలను ఆపదు.

వచ్చే పాఠం పట్టీ, ముక్కు వంతెన. 25 మిల్లీమీటర్ల వెడల్పు ఎలాస్టిక్ ఒక మీటరు, తోలు ముక్క ఒకటి తెచ్చుకోండి. కంటిపాపల మధ్య దూరం ముఖం చూసుకునే అద్దం ముందు నిలబడి స్కేలు పెట్టి కొలిచి రాసుకోండి. పెద్దవాళ్లలో అది సగటున 63 మిల్లీమీటర్లు. మీది 58 కంటే తక్కువైతే ఉంగరాలు ఒకదానికొకటి తగులుతాయి, వాటి లోపలి పక్కలను ఇప్పుడే ఆకురాయితో చదును చేసి ఉంచండి.