స్థలం గొడవకి పోలీస్ కంప్లైంట్ ఎలా రాయాలి?

నేను గుంటూరులో ప్లీడరు గుమాస్తాని. "స్టేషన్‌కి వెళ్తే సివిల్ మ్యాటర్, కోర్టుకి పొమ్మన్నారండీ" అంటూ మా దగ్గరికి వచ్చేవాళ్లకి లెక్కలేదు. వాళ్లు ఇచ్చిన కంప్లైంట్ తీసి చూస్తే, పొమ్మనడానికి కారణం చాలాసార్లు అందులోనే ఉంటుంది.

దస్తావేజు, ఈసీ (స్థలం మీద జరిగిన లావాదేవీలు చూపే రిజిస్ట్రేషన్ ఆఫీసు కాగితం), పన్ను రసీదు, కరెంటు బిల్లు జిరాక్సులు పెట్టుకోండి. ఒరిజినల్స్ ఇల్లు దాటకూడదు. ఫొటోలుంటే ప్రింట్ తీయించండి. తెల్లకాగితం, నీలం ఇంకు, ఒకే పేజీ. రెండో పేజీలోకి వెళ్లిందంటే మళ్లీ రాయాల్సిందే.

అందరూ తప్పుచేసేది రాసే దగ్గరే. స్థలం ఎవరిదో తేల్చే అధికారం ఎస్సైకీ లేదు, ఎస్పీకీ లేదు. అది సివిల్ కోర్టు పని. పోలీసులు చూసేది నేరం జరిగిందా లేదా అని. అందుకే తాతగారి కొనుగోలు, అన్నదమ్ముల పంపకాలతో మొదలుపెట్టొద్దు. "నా స్థలం నాకు ఇప్పించండి" అని అసలే రాయొద్దు. ఆ ఒక్క వాక్యంతో మీ కాగితాన్ని మీరే సివిల్ చేసేసినట్టు.

ఇలా రాయండి: "నిన్న ఉదయం ఆరున్నరకి ఫలానా వ్యక్తి మరో నలుగురితో, జేసీబీతో నా స్వాధీనంలో ఉన్న స్థలంలోకి చొరబడి, తూర్పువైపు పదకొండు ఫెన్సింగ్ రాళ్లు పీకేశాడు. అడ్డుపడితే చంపుతానన్నాడు." చొరబాటుకి భారతీయ న్యాయ సంహితలో (పాత ఐపీసీ స్థానంలో వచ్చిన చట్టం) 329, ధ్వంసానికి 324, బెదిరింపుకి 351 సెక్షన్లున్నాయి. ఆ నంబర్లు మీరు రాయక్కర్లేదు. టైము, రాళ్ల లెక్క, చూసినవాళ్ల పేర్లు చాలు. తగలని దెబ్బ తగిలిందని మాత్రం రాయకండి, ఆ ఒక్క అబద్ధం తేలితే నిజాలన్నీ కొట్టుకుపోతాయి.

మా పెదనాన్న స్థలానికి మొదటిసారి నేను నాలుగు పేజీలు రాశాను. స్టేషన్‌లో రాతపని చూసే రైటర్ మొదటి పేజీ చదివి పక్కన పెట్టేశాడు. రాళ్లు పీకిన సంగతి మూడో పేజీలో ఉంది. ఐదోరోజుకి అవతలివాళ్లు రేకుల షెడ్డు వేసేశారు. ఆ షెడ్డు తీయించడానికి ఆయన ఎన్నేళ్లు తిరిగారో నాకు తెలుసు.

కంప్లైంట్ ఇచ్చి రసీదు తీసుకోండి. స్టేషన్‌లో కంప్లైంటే తీసుకోకపోతే ఎస్పీకి స్పీడ్ పోస్టులో పంపండి, అప్పటికీ కదలకపోతే మేజిస్ట్రేటు కోర్టు. లీడర్‌తో ఫోన్ చేయించడంకన్నా ఇదే మేలు. ఫోన్ అవతలివాడూ చేయించగలడు, పోస్టు రసీదు మాత్రం మీ ఫైల్లో ఉంటుంది. స్టేషన్‌లో కూర్చోబెట్టి సెటిల్‌మెంట్ కాగితం ముందు పెడితే, మీ ప్లీడరు చదవకుండా సంతకం చేయొద్దు.

ఇరువైపులా కొట్టుకునేలా ఉంటే, పోలీసులు ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటుకి (తహసీల్దారు, ఆర్డీవో లాంటి రెవెన్యూ అధికారి) రిపోర్టు పంపొచ్చు. భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (పాత సీఆర్పీసీ స్థానంలో వచ్చిన చట్టం) సెక్షన్ 164 కింద ఆయన చూసేది స్థలం ఎవరి స్వాధీనంలో ఉందన్నదే, హక్కు కాదు.

ఇవన్నీ నడుస్తుండగానే సివిల్ కోర్టులో ఇంజంక్షన్‌కి, అంటే అవతలివాళ్లు స్థలం జోలికి రాకూడదనే ఆర్డరుకి, దావా వేయండి. ఆర్డరును అవతలివాళ్లు లెక్కచేయకపోతే, పోలీసు సాయం ఇప్పించమని అదే కోర్టును అడగొచ్చు. ఇప్పటికే స్థలంలోంచి గెంటేసి ఉంటే, స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సెక్షన్ 6 కింద దావాకి గడువు ఆరు నెలలే. గెంటేసిన తేదీని ఈరోజే ఫైలు అట్ట మీద రాసుకోండి.