పెళ్లే వివాదమైతే ఆస్తి దావా ఏ కోర్టులో?

భర్త పోయాక ఆయన తమ్ముళ్లు ‘మా అన్నతో నీకు పెళ్లే కాలేదు’ అంటారు. లేదా మొదటి భార్య వచ్చి రెండో ఆవిడ పెళ్లి చెల్లదంటుంది. మాట పెళ్లి గురించే అయినా కన్ను పొలం మీదో, బ్యాంకు డిపాజిట్ల మీదో ఉంటుంది. ఇలాంటప్పుడు ఏ కోర్టుకు వెళ్లాలన్నది గొడవను బట్టి కాదు, దావాలో అడిగే రిలీఫ్‌ను, అంటే కోర్టు నుంచి కోరే ఉపశమనాన్ని బట్టి తేలుతుంది. అందుకే ప్లెయింట్ (దావా పత్రం) చివర ఏం కావాలో అడిగే ప్రార్థన పేరా ముందు రాసుకుని, ఆ తర్వాత కోర్టు చూసుకోండి.

కుటుంబ న్యాయస్థానాల చట్టం, 1984లో సెక్షన్ 7 చదివితే సగం చిక్కు వీడుతుంది. పెళ్లి చెల్లుతుందా, ఫలానా వ్యక్తికి భార్య లేదా భర్త హోదా ఉందా అన్న డిక్లరేషన్ (కోర్టు ప్రకటన), పిల్లల చట్టబద్ధత, దంపతుల మధ్య ఆస్తి తగాదా ఫ్యామిలీ కోర్టుకే వెళ్లాలి. ఏ మతం వారికైనా ఇదే వర్తిస్తుంది. ఆ కోర్టు ఉన్న ప్రాంతంలో ఇవే దావాలను మామూలు సివిల్ కోర్టు వినకుండా సెక్షన్ 8 ఆపుతుంది. ‘మా మధ్య పెళ్లి జరగలేదని ప్రకటించండి’ అన్న దావా కూడా అక్కడే వేయాలని బలరాం యాదవ్ కేసులో సుప్రీంకోర్టు 2016లో చెప్పింది. విడాకులైపోయిన జంట ఆస్తి తగాదా కూడా ఫ్యామిలీ కోర్టుదేనని 2003లోనే తేల్చింది.

వదినా మరుదుల పంపకాల గొడవ మాత్రం దంపతుల తగాదా కాదు. పొలం, ఇల్లు భాగాలు కావాలంటే ఆ ఆస్తి ఉన్న చోటి సివిల్ కోర్టులో పార్టిషన్ (పంపకాల) దావా వేయాలి. పెళ్లి జరిగిందా అన్నది అందులో ఒక ఇష్యూగా (తేల్చాల్సిన అంశంగా) వస్తుంది, ఆ కోర్టే తేలుస్తుంది. కోర్టు ఫీజు దగ్గర జాగ్రత్త. ఉమ్మడి స్వాధీనంలో ఉన్నామంటే చిన్న స్థిర ఫీజుతో సరిపోతుంది. మిమ్మల్ని వెళ్లగొట్టారని రాస్తే మీ వాటా మార్కెట్ విలువను బట్టి కట్టాలి. ఫీజు తగ్గుతుందని అబద్ధం రాస్తే అవతలి లాయరు మొదట పట్టుకునేది దాన్నే.

డిపాజిట్లు, షేర్లు, రావలసిన బాకీలకైతే వారసత్వ చట్టం, 1925 కింద సక్సెషన్ (వారసత్వ) సర్టిఫికెట్ కోర్టు నుంచి తీసుకోవాలి. భూమికి ఇది పనికిరాదు. ఈ సర్టిఫికెట్ కోసం జరిగేది సంక్షిప్త విచారణే కాబట్టి ఓడినా హక్కు పోదు, అదే ప్రశ్నతో దావా వేసుకోవచ్చని సెక్షన్ 387 చెబుతుంది. తహసీల్దారు ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ అయితే హక్కునే తేల్చదు. పేరు లేదని కుంగిపోనక్కర్లేదు, ఉందని నిశ్చింతగా ఉండనూ కూడదు.

సాక్ష్యమే అసలు యుద్ధం. హిందూ వివాహానికి రిజిస్ట్రేషన్ కాగితం ఒక్కటే చాలదు. తంతు జరగకుండా తెచ్చుకున్న సర్టిఫికెట్‌తో పెళ్లి అయినట్టు కాదని 2024లో సుప్రీంకోర్టు చెప్పింది. శుభలేఖ, ఫోటోలు, పురోహితుడు, పెళ్లికి వచ్చిన పెద్దల సాక్ష్యం సిద్ధం చేసుకోండి. ఫోన్‌లోని ఫోటోలకు, వీడియోలకు భారతీయ సాక్ష్య అధినియమ్ సెక్షన్ 63 కింద ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి ఇచ్చే ధ్రువీకరణ సర్టిఫికెట్ జత చేయాలి. ఇది మరిచి ఆనక తెల్లమొహం వేసేవాళ్లే ఎక్కువ. పెళ్లి రుజువు దొరక్కపోతే రేషన్ కార్డు, ఓటర్ల జాబితా, ఉద్యోగపు సర్వీసు రికార్డు, పిల్లల స్కూలు రికార్డులు పోగేయండి. ఏళ్ల తరబడి భార్యాభర్తల్లా కలిసి బతికితే పెళ్లయినట్టే కోర్టు భావిస్తుంది. కాకపోతే ఆ ఊహను ఎదుటివారు సాక్ష్యంతో కొట్టేయవచ్చు.

మన ఊళ్లలో ఎక్కువ కేసులు బోల్తాపడేది మొదటి పెళ్లి దగ్గర. పెద్దమనుషుల ముందు స్టాంపు కాగితం మీద రాసుకున్న విడాకులు చెల్లాలంటే, ఆ కులంలో అలాంటి ఆచారం ఉందని రుజువు చేయాలి. లేకపోతే మొదటి పెళ్లి ఉన్నట్టే లెక్క, రెండోది శూన్యం. అప్పుడు రెండో ఆవిడకు భార్యగా వారసత్వం రాదు. ఆమె పిల్లల సంగతి వేరు. హిందూ వివాహ చట్టం సెక్షన్ 16 ప్రకారం తల్లిదండ్రుల ఆస్తిలో వాళ్లకు వాటా ఉంది. ఉమ్మడి కుటుంబ ఆస్తిలో తండ్రి వంతుకు వచ్చే భాగం కూడా అందులో చేరుతుందని 2023లో రేవణసిద్ధప్ప కేసులో తేలింది. బాబాయిలు, తాతల వాటాల మీద మాత్రం హక్కు లేదు. కాబట్టి తల్లి వాదన బలహీనమైనా పిల్లలను వాదులుగా చేర్చడం మానకండి.

పొరపాటున వేరే కోర్టులో వేస్తే దావా చచ్చిపోదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 7 రూల్ 10 కింద ప్లెయింట్ తిరిగి ఇస్తారు, సరైన కోర్టులో వేసుకోవచ్చు. నిజాయితీగా పొరబడి ఆ కోర్టులో పోగొట్టుకున్న కాలాన్ని దావా గడువు లెక్కలోంచి లిమిటేషన్ చట్టం సెక్షన్ 14 మినహాయిస్తుంది. అది తనంతట తాను రాదు, అడగాలి, తేదీలతో చూపాలి.

ఫ్యామిలీ కోర్టులో లాయరును పెట్టుకోవడం హక్కు కాదు, అనుమతి కోరాలి. అక్కడి తీర్పుపై 30 రోజుల్లో హైకోర్టుకు అప్పీలు చేసుకోవాలి. ఏ కోర్టైనా, దావాతో పాటే ఆస్తి అమ్మకుండా అదే కోడ్ ఆర్డర్ 39 కింద ఇంజంక్షన్ (నిషేధ ఉత్తర్వు) పిటిషన్ వేసి, ఈసీ (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీయించి ఎవరి పేరున ఏ రిజిస్ట్రేషన్ జరిగిందో చూడండి.