ఐర్లండ్‌లో కౌన్సిలర్ నుంచి యూరోపియన్ పార్లమెంటు దాకా

ముందు స్థానిక కౌన్సిల్‌కే పోటీ చేయండి. 18 ఏళ్లు నిండి ఐర్లండ్‌లో నివాసముంటే చాలు, పౌరసత్వం అక్కర్లేదు. అక్కడి తెలుగువాళ్లకూ ఇది గొప్ప అవకాశం. పార్టీ లేకపోతే స్థానిక ఓటర్లు 15 మంది సమ్మతి గానీ 100 యూరోల డిపాజిట్ గానీ కావాలి.

చాలామంది దెబ్బతినేది ఓట్ల లెక్క దగ్గర. అక్కడ ఓటరు అభ్యర్థుల పేర్ల పక్కన 1, 2, 3 అని ప్రాధాన్యం వేస్తాడు. 5 సీట్లకు చెల్లిన ఓట్లు 12,000 అయితే, సీట్ల కంటే ఒకటి ఎక్కువైన 6తో భాగించి ఒకటి కలపాలి: కోటా, అంటే గెలవడానికి కావాల్సిన ఓట్లు, 2,001. మొదటి ప్రాధాన్య ఓట్లతోనే అది దాటడం కష్టం. అందుకే గుమ్మం దగ్గర "మా ఓటు ఇంకొకరికి" అన్నవాళ్లతో వాదించకండి, మీ పేరు పక్కన 2 వేయమని అడగండి. వాళ్ల అభ్యర్థి తక్కువ ఓట్లతో లెక్కింపు నుంచి తొలగిపోతే ఆ ఓటు మీకు బదిలీ అవుతుంది.

యూరోపియన్ పార్లమెంటుకైతే 21 ఏళ్లు, ఐర్లండ్ లేదా ఈయూ (యూరోపియన్ యూనియన్) దేశ పౌరసత్వం, 60 మంది సమ్మతి లేదా 1,800 యూరోలు. గెలిస్తే కౌన్సిలర్ పదవి వదులుకోవాలి. ఆ ఖాళీని కో-ఆప్షన్‌తో, అంటే మళ్లీ ఎన్నిక లేకుండా కౌన్సిలే ఒకరిని ఎంచుకుని, నింపుతారు.