పిల్ల రగ్బీ ఆడతానంటే ముందు ఏం చేయాలి

మాది నెల్లూరు జిల్లా ఇందుకూరుపేట మండలం. మైపాడు దగ్గర రొయ్యల గుంటలు చేస్తాను. మా అమ్మాయి ఎనిమిదో తరగతిలో కబడ్డీ నుంచి రగ్బీ సెవెన్స్‌కి, అంటే జట్టుకి ఏడుగురు ఆడే రగ్బీకి మారింది, 19వ ఏట ఇండియా జూనియర్ జెర్సీ వేసుకుంది. అప్పట్నుంచి ఎవరో ఒకరు ఫోన్ చేసి ‘మా పిల్ల కూడా ఆడతానంటోంది, ఎట్టా?’ అని అడుగుతున్నారు. అందరికీ ఒకేసారి చెప్తున్నా.

ముందే బంతి కొనకండి. పట్టడం, పడటం నేర్పించండి. మేము ఖాళీ మేత బస్తాలు రెండు ఒకదాంట్లో ఒకటి దూర్చి, ఊక కూరి, మూతి కుట్టాం. బీచ్ ఇసుకలో నేను దాన్ని నిలబెట్టి పట్టుకుంటే, తను పరిగెత్తుకొచ్చి చుట్టి పడగొట్టేది. అప్పుడు మీరు చూడాల్సింది తల. అది బస్తాకి ఎదురుగా పోకూడదు, పక్కకి ఉండాలి. చెంప ఎదుటి మనిషి పిర్రకి ఆనాలి, భుజం తొడకి తగలాలి, చేతులు రెండూ వెనక బిగుసుకోవాలి. తల తప్పువైపు పెడితే మోకాలు కణతకి తగులుతుంది. నెల రోజులు బస్తా మీదికే పంపాను, మనిషి మీదికి పంపలేదు. తలకి దెబ్బ తగిలి కళ్లు తిరిగాయంటే ఆ రోజుకి ఆట బంద్. డాక్టర్ సరే అనేదాకా గ్రౌండ్ మొహం చూడనివ్వొద్దు, ఎంత ఏడ్చినా సరే.

కబడ్డీ పిల్లలకి ధైర్యానికి కొదవుండదు గానీ రెండు అలవాట్లు మాన్పించాలి. ఒకటి, పట్టిన కాలు వదలకపోవడం. కబడ్డీలో వదిలితే తిట్లు పడతాయి. ఇక్కడ ఎదుటి మనిషి కింద పడగానే వదిలెయ్యాలి, లేకపోతే పెనాల్టీ. రెండోది డాష్. చేతులు చుట్టకుండా భుజంతో గుద్దితే కార్డు చూపించినా చూపిస్తారు. పసుపు కార్డంటే 2 నిమిషాలు బయట. మ్యాచ్ మొత్తం 14 నిమిషాలే, అందులో 2 పోతే ఇంకేం మిగిలింది? మా పిల్ల తన మొదటి నేషనల్స్‌లో అట్టా బయట కూర్చున్నప్పుడు అవతలివాళ్లు రెండు ట్రైలు చేసేశారు. ట్రై అంటే బంతిని మన చివరి గీత దాటించి నేలకి ఆనించడం. రాత్రి ఫోన్లో ‘నాయనా, చెయ్యి చుట్టలేదు నేను’ అని ఒకటే మాట.

గీత దాటగానే సంబరం వద్దు. బంతి నేలకి ఆనిస్తేనే 5 పాయింట్లు. వీలుంటే గీత మధ్యలో ఉండే గోల్ పోల్స్ దగ్గరికొచ్చి ఆనించాలి, ఎందుకంటే తర్వాత 2 పాయింట్ల కిక్ ఆనించిన చోటికి తిన్నగానే కొట్టాలి. మూల నుంచి కొట్టి చూడండి, తెలుస్తుంది.

పళ్లకి మౌత్‌గార్డ్ తప్పనిసరి. వేడినీళ్లలో మెత్తబరిచి కొరికితే అచ్చు పడే రకం చాలు. టోర్నీలో ఒక్కరోజే రెండు మూడు మ్యాచ్‌లుంటాయి, మధ్యలో అరటిపండు, కొంచెం పెరుగన్నం. చేపల పులుసు ఇంటికొచ్చాక.

ఇక కాగితాలు. మేము దెబ్బతిన్నది ఇక్కడే. 17వ ఏట క్యాంపుకి పిలిచారు, పాస్‌పోర్టు అడిగారు. బర్త్ సర్టిఫికెట్‌లో ఆగస్టు, బళ్లో జూన్. ఆధార్‌లో ఇంటిపేరు ముందు, టెన్త్ మెమోలో చివర. సరిచేయించడానికి ఆఫీసుల చుట్టూ తిరుగుతుంటే ఆ ట్రిప్పు పోయింది. వయసు గ్రూపుల ఆటలో పుట్టిన తేదీ తేడా వస్తే ఎంత బాగా ఆడినా పక్కన కూర్చోబెడతారు. అందుకని జిల్లా జట్టులోకి రాగానే అన్నింట్లో పేరు, తేదీ ఒకటే ఉండేలా చేయించి పాస్‌పోర్టుకి పెట్టండి. మైనర్లకి అది మామూలుగా 5 ఏళ్లకి గానీ, 18 నిండేదాకా గానీ ఇస్తారు, ఏది ముందైతే అది. ఆ తేదీ క్యాలెండర్ మీద రాసుకోండి.

‘ఇదేం ఆట, ఎవరికి తెలుసు?’ అనే బంధువులు ఉంటారు. 2016లో రియోలో సెవెన్స్ ఒలింపిక్స్‌లోకి వచ్చింది, మగవాళ్ల గోల్డ్ ఫిజీ కొట్టుకుపోయింది. మన జిల్లా జనాభాలో సగం కూడా లేని దేశం, అదే వాళ్ల మొట్టమొదటి ఒలింపిక్ మెడల్. మా బావకి ఇది చెప్పాక మళ్లీ మాట్లాడలేదు.

క్యాంపుకి ఎంతమంది పోయినా చివరికి టోర్నీకి తీసుకునేది 12 మందినే. మా పిల్లని ఒకసారి ఆఖరి రోజు తీసేశారు. ఇంటికొచ్చేసరికి బస్తాని ఎలుకలు కొరికేసున్నాయి. ఊక రైసు మిల్లులో అడిగితే ఇస్తారు. తడిది మాత్రం తేవొద్దు, నాలుగు రోజులకే కుళ్లి కంపు కొడుతుంది.