బహీజా హాఫిజ్ లాంటి పాత ఈజిప్ట్ హీరోయిన్ కెరీర్ ఎలా వెతకాలి

పాత ఈజిప్ట్ సినిమా అనగానే ఫాతెన్ హమామా, ఒమర్ షరీఫ్ దగ్గరే ఆగిపోతాం, వాళ్లకి ముందు మూకీల్లో చేసినవాళ్ల గురించి తెలుసుకోవాలంటే మాత్రం కాస్త తవ్వాలి. బహీజా హాఫిజ్‌నే తీసుకుందాం, 1908లో అలెగ్జాండ్రియాలో గొప్పింట్లో పుట్టిన అమ్మాయి.

ముందు పేరు సంగతి. కైరో వాళ్లు జ ని గ అంటారు కాబట్టి ఇంగ్లిష్‌లో బహీగా అని కూడా రాస్తారు, రెండు స్పెల్లింగులూ కొట్టండి. ఇంకా బెటర్ ఏంటంటే వికీపీడియాలో ఉన్న అరబిక్ పేరు కాపీ చేసి ఎల్‌సినిమా అనే అరబిక్ సినిమాల సైట్‌లో పేస్ట్ చేసి ట్రాన్స్‌లేట్ ఆన్ చేసుకోవడం.

ఇప్పుడు అసలు పని. నటి అన్న కాలమ్ ఒక్కటే చూస్తే సగం కెరీర్ మిస్ అయిపోతారు. 1930లో మొహమ్మద్ కరీమ్ తీసిన జైనబ్‌లో హీరోయిన్ ఈవిడే, దానికి మ్యూజిక్ కూడా ఈవిడే (మూకీకి మ్యూజిక్ ఏంటి అనకండి, అప్పట్లో హాల్లో వాయించేవాళ్లు). తర్వాత ఫనార్ ఫిల్మ్ అని సొంత కంపెనీ పెట్టి నిర్మాత, డైరెక్టర్ కూడా అయింది. మన భానుమతి టైపు అనుకోండి. అందుకే మ్యూజిక్, నిర్మాణం, డైరెక్షన్ అన్నీ విడివిడిగా చూడాలి.

ఒకే పేరు రెండు సంవత్సరాల్లో కనిపిస్తే తప్పు పడిందేమో అని కొట్టేయకండి. అల్ దహాయా 1932లో మూకీగా వచ్చి, 1935లో మాటలతో మళ్లీ వచ్చింది.

అన్నిటికంటే తికమక పెట్టేది లైలా. 1937లో ఎడారి కూతురు లైలా అని పెద్ద సినిమా తీసింది, నటన, డైరెక్షన్, నిర్మాణం అన్నీ తనే. అందులో పర్షియా (అంటే ఇరానే) రాజుని విలన్‌లా చూపించారని ఇరాన్ అభ్యంతరం చెప్పింది, పైగా 1939లో ఈజిప్ట్ రాజు ఫారూక్ చెల్లెలు ఫౌజియాకి ఇరాన్ యువరాజుతో పెళ్లి, ఇంకేముంది, బొమ్మ ఆగిపోయింది. 1944లో బెదూయిన్ (ఎడారి తెగ) లైలా అని పేరు మార్చి వదిలారు. కాబట్టి పేరు మారిందా అని ఎప్పుడూ ఒకసారి చెక్ చేయండి. 1927 లైలా మాత్రం అజీజా అమీర్‌ది, 1942 లైలాలో చేసింది లైలా మురాద్, వాటిని ఈవిడ లిస్టులో కలిపేయకండి.

1947లో జహ్రా వచ్చాక చాలా ఏళ్లు గ్యాప్ కనిపిస్తుంది, అక్కడితో అయిపోయిందనుకుని లిస్టు మూసేయొద్దు. 1966లో సలాహ్ అబూ సైఫ్ తీసిన కైరో 30లో ఒక చిన్న పాత్ర ఉంది. హీరోయిన్ సుఆద్ హొస్నీ కాబట్టి ఆ సినిమా కొంచెం తేలిగ్గానే దొరుకుతుంది, చూడ్డం మాత్రం దాంతోనే మొదలుపెట్టండి.