ఇంట్లో అక్వేరియం - ఐదో పాఠం: జత లెక్క మానేయండి

ఈసారి మొక్కల గురించి చెప్పాలి. అది వాయిదా వేస్తున్నాను. నాలుగో పాఠం తర్వాత మీ నుంచి వచ్చిన మెసేజ్‌లన్నీ దాదాపు ఒకే కథ చెబుతున్నాయి కాబట్టి ముందు దాని సంగతి చూడాలి.

నీళ్లు సిద్ధమయ్యాయి. టెస్ట్ కిట్‌లో అమ్మోనియా సున్నా, నైట్రైట్ సున్నా, అంటే చేపల వ్యర్థం నుంచి పుట్టే ఆ రెండు విషాలూ లేవు. షాపుకెళ్లారు. గప్పీ ఒక జత, మోలీ ఒక జత, టైగర్ బార్బ్ ఒక జత, నియాన్ టెట్రా ఒక జత, ఏంజెల్ ఒక జత, పాచి తింటుందని ఒక సక్కర్ చేప. అన్నీ ఒకే రోజు, ఒకే రెండడుగుల ట్యాంక్‌లో. రెండు వారాలు తిరక్కుండానే గప్పీల తోకలు చీలికలయ్యాయి, నియాన్లు కనిపించడం లేదు, మోలీ ఫిల్టర్ వెనక్కి చేరి బయటికి రావడం లేదు. "నీళ్లు బాగానే ఉన్నాయి కదా మాస్టారూ, మరెందుకు పోతున్నాయి?" అని అడుగుతున్నారు.

ముందు ఆ నీళ్ల మాట తేల్చుకుందాం. సున్నా వచ్చింది చేపలు వేయకముందు. ఫిల్టర్‌లో పెరిగి ఆ విషాలను విరగ్గొట్టే బాక్టీరియా అప్పటిదాకా అందిన మేతకు సరిపడా మాత్రమే ఉంటుంది. ఒక్కరోజే పదకొండు చేపలు దిగితే వాటి వ్యర్థాన్ని అది అందుకోలేదు. పైగా మన బోరు నీళ్ల పీహెచ్ చాలా చోట్ల ఎనిమిది దగ్గర ఉంటుంది. పీహెచ్ ఏడు నుంచి ఎనిమిదికి పెరిగితే అమ్మోనియాలో విషంగా పనిచేసే భాగం సుమారు పది రెట్లవుతుంది. అందుకే చేపలు దిగిన మర్నాటి నుంచి వారం పాటు రోజూ టెస్ట్ చేయాలి. అమ్మోనియా కనిపిస్తే పావు వంతు నీళ్లు మార్చాలి, ఆ రోజు మేత ఆపాలి. కొత్త చేపలను వారానికి ఒక గుంపుకు మించి దించకూడదు.

ఇప్పుడు అసలు విషయం, జత. ఈ అలవాటు నన్ను చాలా బాధపెడుతుంది. షాపులో ధర జతకే చెబుతారు, మనమూ "జత ఎంత?" అనే అడుగుతాం. ఒక మగ, ఒక ఆడ ఉంటే వాటి సంసారం వాటికి సరిపోతుందని అనుకుంటాం. మీరు కొన్న అయిదు రకాల్లో ఏ ఒక్కటీ అలా బతికే చేప కాదు.

టైగర్ బార్బ్ గుంపు చేప. కనీసం ఎనిమిది ఉండాలి. గుంపులో ఎవరు పై, ఎవరు కింద అని వాటిలో అవి రోజంతా తేల్చుకుంటూనే ఉంటాయి. ఒకదాన్నొకటి తరుముతాయి, పొడుస్తాయి, అంతలోనే వదిలేస్తాయి. ఎనిమిదింటిలో ఆ దెబ్బ ఏ ఒక్కదాని మీదా ఎక్కువసేపు పడదు. రెండే ఉంటే బలమైనది బలహీనమైనదాన్ని చావగొడుతుంది, లేదా రెండూ కలిసి పక్కవాళ్ల తోకల మీద పడతాయి. దగ్గరగా కూర్చుని చూడండి. బార్బ్ వెనక నుంచి వస్తుంది, గప్పీ తోక చివర ఒక్క కొరుకు కొరికి, అది వెనక్కి తిరిగేలోపే పక్కకు జారుకుంటుంది. రెండు రోజులకు తోక అంచు రంపపు పళ్లలా తయారవుతుంది, ఆ తర్వాత కొసలు తెల్లబారతాయి. అప్పుడు మీరు ఫంగస్ మందు కొంటారు. కానీ కొరికే చేప అక్కడే ఉంది. ఎనిమిది బార్బ్‌లున్నా గప్పీ, ఏంజెల్, ఫైటర్ లాంటి పొడవు రెక్కల చేపలను వాటితో కలపకండి. పొట్టి రెక్కలతో చురుగ్గా ఈదే చేపలే వాటికి తోడు.

నియాన్ కూడా గుంపు చేపే, కానీ స్వభావం వేరు. ఇది కొరకదు, భయపడుతుంది. రెండే ఉంటే రంగు వెలిసిపోయి రాయి వెనకే ఉండిపోతుంది, మేతకు రాదు. మీ ట్యాంక్‌లో ఏంజెల్ కాస్త పెద్దదైతే మాత్రం నియాన్లు మాయమైంది దాని కడుపులోకే కావచ్చు. షాపులో రూపాయి బిళ్లంత కనిపించే ఏంజెల్ ఆరేడు అంగుళాల ఎత్తుకు పెరుగుతుంది. నోట్లో పట్టే చేప దానికి మేతే.

గప్పీ, మోలీ, ప్లాటీ, స్వోర్డ్‌టెయిల్ పిల్లల్ని కనే రకాలు. వీటికైనా జత సరిపోతుందనుకుంటారు. వీటికే అది మరీ చెడ్డది. మగది పొద్దున లైటు వేసింది మొదలు రాత్రి ఆర్పేదాకా ఆడదాని వెంట పడుతూనే ఉంటుంది. ఒక్క ఆడదే ఉంటే దానికి మేత తినే తీరిక కూడా ఉండదు. రెక్కలు ఒంటికి ముడుచుకుని నీటి పైభాగాన ఒక మూల నిలబడిపోతుంది. మీ మోలీ ఫిల్టర్ వెనక చేరింది చాలావరకు అందుకే, జబ్బు వల్ల కాకపోవచ్చు. ఒక మగదానికి మూడు ఆడవి, తక్కువలో తక్కువ రెండు. పిల్లలు వద్దనుకుంటే అన్నీ మగ గప్పీలే పెట్టుకోండి, రంగులూ అందులోనే ఎక్కువ.

ఏంజెల్స్‌లో జతలు నిజంగానే ఏర్పడతాయి. కానీ ఆరు పిల్లల్ని కలిపి పెంచితే వాటిలో రెండు వాటంతట అవే జతకడతాయి, షాపువాడు వలతో తీసిచ్చిన రెండూ జత కావు. జతకట్టాక గుడ్లు పెడితే ట్యాంక్‌లో సగం వాటిదే, మిగతా చేపలన్నీ అవతలి మూలకు పోవాల్సిందే.

కాబట్టి షాపులో అడగాల్సింది "జత ఎంత" అని కాదు, "ఎనిమిది కావాలి, ఎంతకిస్తారు" అని. అయిదు రకాల జతలు కొనే బదులు రెండు రకాల గుంపులు తెచ్చుకోండి. చూడ్డానికి కూడా అవే బాగుంటాయి.

సక్కర్ చేప గురించి ఒక్క మాట. ట్యాంక్ శుభ్రం చేస్తుందని అమ్మే ఆ చేప అడుగు దాటి పెరుగుతుంది, తిన్నదానికి తగ్గట్టు వ్యర్థం వదులుతుంది. మన ఆక్వా రైతులు దెయ్యం చేప అని తిట్టుకునేది దీన్నే. పెద్దదయ్యిందని చెరువులోనో కాలవలోనో వదిలితే అక్కడ మన చేపల మేతా, చోటూ ఆక్రమిస్తుంది. దయచేసి వదలకండి, కొనకండి. షార్క్ పేరుతో అమ్మే వెండిరంగు పిల్ల చేప కూడా అంతే. చాలాసార్లు అది చెరువుల్లో కిలోల లెక్కన పెంచే పంగాసియస్.

ఇక ఏ రెండు గుంపులు? రంగు చూసి ఎంచుకోకండి, మీ ఇంటి నీళ్లు చూసి ఎంచుకోండి. నెల్లూరు, ఒంగోలు తీరంలో ఇందుకూరుపేట, విడవలూరు, కొత్తపట్నం, సింగరాయకొండ వైపు ఉన్నవాళ్లకు సులువైన దారి ఉంది. రొయ్యల రైతులు నీళ్లు పరీక్ష చేయించుకునే ఆక్వా ల్యాబ్‌కు ఒక సీసా తీసుకెళ్లండి. పీహెచ్, ఆల్కలినిటీ, హార్డ్‌నెస్ (నీటిలో కరిగిన సున్నపు లవణాల లెక్క) రాసిస్తారు. హార్డ్‌నెస్ రెండు మూడు వందల పీపీఎం ఉంటే దిగులు పడకండి. గప్పీ, మోలీ, ప్లాటీలకు అలాంటి నీళ్లే ఇష్టం. నియాన్ అమెజాన్ ప్రాంతపు మెత్తటి, అంటే హార్డ్‌నెస్ తక్కువున్న నీళ్ల చేప, చల్లగా ఉండాలి, ఇరవై ఆరు డిగ్రీలు దాటితే ఇబ్బంది పడుతుంది. మే నెలలో మన ఇళ్లలో ట్యాంక్ నీళ్లు ముప్ఫై రెండు దాకా పోతాయి. ఆర్‌వో నీళ్లు కలిపి మెత్తబరచొచ్చని కొందరు రాశారు. చేయొచ్చు, కానీ నీళ్లు మార్చిన ప్రతిసారీ ఆ లెక్క తప్పకూడదు. నేనైతే నీళ్లకు తగ్గ చేపనే తెచ్చుకుంటాను.

మూడడుగుల పొడవు, అడుగు వెడల్పు, అడుగున్నర ఎత్తు ట్యాంక్‌లో నూటపది లీటర్ల దాకా నీళ్లు పడతాయి. దానికి నా ఎంపిక ఇది: పది జీబ్రా డానియోలు, ఆరు ప్లాటీలు, అందులో మగవి రెండే. డానియో మన ఉపఖండపు చేప, ఎండనూ చలినీ బాగా తట్టుకుంటుంది, పైభాగమంతా ఉరుకుతూ ఉంటుంది. ప్లాటీ మధ్యలో, కింద తిరుగుతుంది. ప్లాటీ పిల్లల్లో ఎక్కువ భాగాన్ని డానియోలు తినేస్తాయి కాబట్టి సంఖ్య అదుపులో ఉంటుంది. మేత మాత్రం రెండు చివర్లా వేయాలి. ఒకచోటే వేస్తే డానియోలు ప్లాటీలకు మిగల్చవు. బార్బ్‌లే కావాలంటే టైగర్ కన్నా రోజీ బార్బ్ మేలు, అదీ మన ఉత్తర భారతపు వాగుల చేప. ఏంజెల్స్ కావాలంటే వాటికి వేరే ఎత్తైన ట్యాంక్ కట్టుకోండి.

ఏ రకం ముందు దించాలన్నదీ ముఖ్యమే. నెమ్మదైన చేపలు ముందు, దూకుడువి చివర. కొత్త గుంపు దించే రోజు రాళ్లు కాస్త అటూ ఇటూ మార్చి లైటు ఆర్పేయండి, పాతవాటికి ఇది నా చోటు అన్న పట్టు సడలుతుంది. అంతకుముందు రెండు మూడు వారాలు కొత్తవాటిని స్పాంజ్ ఫిల్టర్ పెట్టిన టబ్బులో విడిగా ఉంచాలి. వాటికి జబ్బేదైనా ఉంటే ట్యాంక్‌కు అంటకుండా ఉండటానికి ఇది, వివరం మూడో పాఠంలో ఉంది.

వేసవికి ఒక ఉపాయం. మూత తీసి వల కప్పి, చిన్న ఫ్యాన్ గాలి నీటి మీదుగా పోయేలా పెట్టండి. నీరు ఆవిరయ్యే కొద్దీ రెండు మూడు డిగ్రీలు తగ్గుతుంది. పొదిలి, దర్శి వైపు పొడి గాలిలో ఇది బాగా పనిచేస్తుంది, సముద్రం దగ్గర ఉక్కలో కొంచెం తక్కువ. ఐస్ ముక్కలు వేయకండి, ఉష్ణోగ్రత ఒక్కసారిగా పడితే అదే జబ్బుకు మొదలు. వేడి నీటిలో ఆక్సిజన్ తక్కువ నిలుస్తుంది కాబట్టి కరెంటు పోతే ఆ నెలల్లో ప్రమాదం రెట్టింపు. బ్యాటరీ ఎయిర్ పంప్ ఒకటి ఇంట్లో ఉండాలి.

అభ్యాసం: ఈసారి కొంచెం కష్టమే, అయినా తప్పించుకోకండి. వారం పాటు ఏ చేపా కొనకూడదు. రోజూ తెల్లవారుజామున, మధ్యాహ్నం మూడింటికి నీటి ఉష్ణోగ్రత నోట్‌బుక్‌లో రాయండి. మేత వేసే ముందు పది నిమిషాలు ట్యాంక్ ముందు కదలకుండా కూర్చుని ప్రతి చేపకూ మూడు విషయాలు రాయండి: ఏ ఎత్తులో తిరుగుతోంది, ఎవరిని తరుముతోంది, ఎవరికి భయపడుతోంది. మేత వేశాక చివరగా తినేది ఎవరో రాయండి. ఏడు రోజుల తర్వాత తరిమేవాళ్ల పేరు మీకే తెలుస్తుంది. ఆ చేపను తిరిగి తీసుకుంటారేమో షాపులో అడగండి, లేదంటే దానికి వేరే ట్యాంక్ చూడండి. మిగిలిన వాటిలో ఏ రకం గుంపును పూర్తి చేస్తారో, ఏ రకాన్ని వదులుకుంటారో ల్యాబ్ కాగితంతో పాటు నాకు రాసి పంపండి. అవి చూశాకే మొక్కల పాఠం మొదలుపెడతాను.